డబ్బు కట్టిన చుట్టాలం

ఏంటండీ వదినగారూ, అలా చూస్తున్నారు? నల్లబడ్డానా? మావారు నాకంటే నలుపెక్కారు, అందుకే వీధి అరుగు మీదకి రావట్లేదు. అక్కడ ఎండ చురుక్కుమనదండీ, చల్లగాలి కొడుతూనే ఉంటుంది, తోలు మాత్రం ఊడొస్తుంది. ముక్కు మీద పొర లేచింది చూడండి. ఆ గిన్నె గోడ మీదే పెట్టండి, పడదులెండి. మీ ములక్కాడ పులుసు కోసం అక్కడ ఎంత అల్లాడానో చెప్తే నవ్వుతారు.

స్పితి వెళ్ళామండీ. హిమాచల్ ప్రదేశ్‌లో. సిమ్లా, మనాలీ కాదు, అవి అందరూ వెళ్ళేవే. ఇది ఆ కొండలకు అవతల, టిబెట్టు సరిహద్దు పక్కన. మేఘాలు ఆ కొండలు దాటి రాలేవు, అంచేత వానలు తక్కువ, వాన లేక చెట్టూ తక్కువే. కొండలన్నీ వేయించిన శనగపిండి రంగు. వాటి మధ్య ఎక్కడన్నా పచ్చగా బఠాణీ చేను కనిపించిందంటే అక్కడ ఊరున్నట్టు. ఊరంటే గట్టిగా పాతిక, ముప్పై గడప. అలాంటి ఊళ్ళల్లో, వాళ్ళ ఇళ్ళల్లోనే దిగాం. కాజా అని ఒక చిన్న బజారుంది, హోటళ్ళుంటే అక్కడే ఎక్కువ. మేం పెట్రోలు కోసం ఆగాం తప్ప అక్కడ పడుకోలేదు.

ముక్కూ మొహం తెలియని వాళ్ళింట్లో ఎలా పడుకున్నారంటారా? మా అత్తయ్యగారూ అదే అడిగారు. పైగా "వాళ్ళింట్లో ఏం తిన్నారో ఏమిటో" అని ఆవిడ దిగులు. మనకి యాత్ర అంటే ఎలా అలవాటు చెప్పండి? వంటవాళ్ళని, పప్పూ బియ్యం మూటల్ని, గ్యాసు సిలిండర్లని బస్సులో వేసుకుని కాశీకి పోతాం, చార్‌ధామ్‌కి పోతాం. ఎక్కడ ఆగితే అక్కడ ఉప్మా, పులిహోర, పెరుగన్నం. నేనూ వెళ్ళాను, నేనేం తప్పు పట్టట్లేదు, పెద్దవాళ్ళకి అదే సుఖం. కానీ అంత దూరం పోయి వచ్చాక అక్కడి మనిషి ఒక్కరి ముఖమైనా గుర్తుందా అంటే, నాకు లేదు. బస్సులో మన పక్క సీటు ఆవిడ బీపీ మాత్రలు గుర్తున్నాయి, హరిద్వార్‌లో పూలమ్మిన పిల్ల గుర్తు లేదు. అందుకే ఈసారి మా అమ్మాయి పట్టుబట్టింది: "మీరిద్దరే వెళ్ళండి, ఆ ఊరివాడినే గైడుగా పెట్టుకోండి, ఇళ్ళల్లో ఉండండి" అని.

మొదట ఒక ఏజెంటు దగ్గరికి వెళ్ళాం. పేరెందుకులెండి. మనాలీలో పొద్దున్నే ఎక్కిస్తే రాత్రికి కాజాలో దింపేస్తానన్నాడు. ఎంత త్వరగా తిప్పితే అంత గొప్ప అన్నట్టు మాట్లాడాడు. అందులో సంగతేమిటో మాకు తర్వాత తెలిసింది. తిరుమల కొండ 850 మీటర్లు ఉంటుంది. స్పితిలో కోమిక్ అనే ఊరు 4,500 మీటర్ల పైన ఉంది, అయిదు రెట్లు దాటి. మనాలీ నుంచి వెళ్ళాలంటే అటల్ టన్నెల్ దాటి, 4,500 మీటర్లుండే కుంజుమ్ కనుమ ఎక్కి, మళ్ళీ దిగాలి. ఒక్క పూటలో అంత ఎత్తుకి ఎక్కించేస్తే మన వయసువాళ్ళకి తల పగిలిపోతుంది, కడుపులో తిప్పేస్తుంది. గాలి పలచగా ఉంటుంది కదా, ఒంటికి అలవాటు పడ్డానికి వ్యవధి కావాలి.

చివరికి మాకు గైడుగా దొరికిన అబ్బాయిది స్పితి లోయే. పాతికేళ్ళుంటాయేమో. కారు తోలేదీ అతనే, కబుర్లు చెప్పేదీ అతనే, వాళ్ళ భాష మాకూ మా హిందీ వాళ్ళకీ అందించేదీ అతనే. నా హిందీ తెలుసుగా, ప్రచార సభ వాళ్ళ రాష్ట్రభాష పాసైన హిందీ. పరీక్షలో తులసీదాసు దోహాలకి భావం రాశాను కానీ "వేడినీళ్ళు ఇస్తారా" అని అడగడానికి తడుముకున్నాను. ఆ అబ్బాయి ఫోన్లోనే చెప్పేశాడు, సిమ్లా వైపు నుంచే తీసుకెళ్తాను, ఒప్పుకోకపోతే వేరేవాళ్ళని చూసుకోండి అని. సిమ్లా నుంచి కాజాకి 400 కిలోమీటర్ల పైమాటే. ఎత్తు మెల్లమెల్లగా పెరుగుతుంది. సట్లెజ్ నది పక్కనే కొండని తొలిచిన రోడ్డు, నెత్తి మీద రాయి వేలాడుతుంటుంది, కిందికి చూస్తే నది. నేను చూడలేదులెండి, ఆ మేరంతా విష్ణుసహస్రం చదువుకున్నాను. కల్పాలో ఆపాడు, ఎదురుగా కిన్నర్ కైలాసం. నాకోలో ఆపాడు. మావారు "ఇంకా వేగంగా పోవచ్చుగా" అంటే, ఆ అబ్బాయి కారు పక్కకి ఆపి, "బాబూజీ, మీకు తలనొప్పి వస్తే మా అమ్మ నన్ను తిడుతుంది" అన్నాడు. ఇంకేం మాట్లాడతారు?

మొదటి రోజు తలంటు వద్దు, గబగబా మెట్లెక్కొద్దు, దాహం వేయకపోయినా నీళ్ళు తాగాలి. ఇవన్నీ చిన్నపిల్లలకి చెప్పినట్టు చెప్పేవాడు. వదినగారూ, ప్రైవేటు గైడు అంటే ఇదివరకు నాకూ డబ్బున్నవాళ్ళ డాబు అనిపించేది. కోటలోకి తీసుకెళ్ళి, రాజు పేరూ రాణి పేరూ గడగడా అప్పజెప్పి, చివర్లో బొమ్మల దుకాణానికి లాక్కెళ్ళేవాడు కదా గైడంటే! ఇతను చరిత్ర పెద్దగా చెప్పలేదు. ఏ ఇంట్లో ఈ వారం చావు జరిగిందో, ఎవరింట్లో కోత నడుస్తోందో, ఎవరిని పలకరిస్తే ఇష్టపడతారో, ఎవరి ఫోటో తీయకూడదో, అవి చెప్పాడు. ఆ ముక్కలు తెలియకుండా ఊళ్ళోకి దిగితే మనం వాళ్ళకి, వాళ్ళు మనకి వింత జంతువులమే.

దారిలో తాబో అనే ఊళ్ళో ఆగాం, దాని సంగతి ఒక్క ముక్క చెప్పాలి. అక్కడ క్రీస్తుశకం 996లో కట్టిన బౌద్ధమఠం ఉంది. మట్టితో కట్టారండీ, బయటినుంచి చూస్తే గొడ్లపాక అనుకుంటారు. లోపలికి వెళ్తే చీకటి, టార్చి వేస్తే గోడల నిండా బొమ్మలు. వెయ్యేళ్ళనాటి నీలం రంగు ఇంకా అలాగే ఉంది. లోపల ఫోటోలు తీయనివ్వరు, మంచిదే, లేకపోతే మావారు గంటసేపు అక్కడే ఉండేవారు. దలైలామాగారు 1983లోనూ, 1996లోనూ అక్కడ కాలచక్ర అనే పెద్ద బౌద్ధ దీక్షా ఉత్సవం జరిపారట. ఈ కాలచక్ర మాట గుర్తుపెట్టుకోండి, మళ్ళీ వస్తాను.

ఇప్పుడు అసలు సంగతి. లాంగ్జా అనే ఊళ్ళో దిగాం. 4,400 మీటర్లు. ఊరికి పైన పెద్ద బుద్ధ విగ్రహం, వెనక 6,300 మీటర్ల మంచుకొండ. ఇల్లు మట్టి ఇటుకలది, సున్నం కొట్టి తెల్లగా, కిటికీల చుట్టూ నల్లపట్టీ. మిద్దె మీద అంచుల వెంబడి గడ్డిమోపులు, పుల్లలు పేర్చుకుని ఉంచారు. చలికాలం అక్కడ సున్నాకి కింద పాతిక డిగ్రీలకి పడిపోతుందట. అప్పటికి పశువులకి మేత, పొయ్యికి పుల్ల ఎండాకాలంలోనే దాచుకోవాలి. పిడకలు కూడా. గోడకి కొట్టిన పిడకలు చూసి నాకు ప్రాణం లేచొచ్చింది, మా అమ్మమ్మ ఊరు గుర్తొచ్చి.

ఇంటిలో అందరూ ఉండేది వంటగదిలోనే. మధ్యలో ఇనప పొయ్యి, దాని గొట్టం కప్పులోంచి పైకి. చుట్టూ గోడల వెంట పరుపులు, వాటి మీద తివాచీలు, ముందు పొట్టి బల్లలు. వెనక అలమారాలో ఇత్తడి, రాగి గిన్నెలు వరసగా తోమి పెట్టారు. నేను వెళ్ళగానే వాటినే చూశాను, ఆ ఇల్లాలు నేను చూడ్డం చూసింది. అంతే, మాకు మాట కలిసిపోయింది. ఒక్కో గిన్నె తీసి చూపించడం మొదలుపెట్టింది, ఇది పుట్టింటిది, ఇది అత్తగారిది అని. గైడు అవసరం రాలేదు.

తిండా? ముందు టీ ఇచ్చింది, ఉప్పూ వెన్నా వేసి చిలికిన టీ. మావారు ఒక్క గుక్క తాగి నా వంక చూశారు. నేను రెండు కప్పులు తాగాను, నిజం చెప్తున్నా, ఆ చలిలో గొంతులోకి దిగుతుంటే హాయిగా ఉంది. అది టీ అనుకుని తాగితే నచ్చదు, చారు అనుకుని తాగాలి. ఇంకోటి వాళ్ళ సంపా. బార్లీ గింజలు వేయించి విసిరిన పిండి, మన సత్తుపిండే. టీలో కలిపి ముద్ద చేసుకు తింటారు. యాత్రికులొస్తే వాళ్ళకి అన్నం, పప్పు, బంగాళదుంప కూరే వండిపెడతారు, మర్యాదకి. మనం నోరు తెరిచి "మీరు తినేదే పెట్టండి" అంటే గానీ థుక్పా అనే నూడుల్స్ చారు, ఆవిరి మీద ఉడికించిన తింగ్‌మో రొట్టెలు బయటికి రావు. మేం మాంసం తినం అని ముందే చెప్పించాం, విడిగా గిన్నె పెట్టి వండింది. మీలాంటి మడి వాళ్ళకి కుదరదనుకోండి, కోప్పడకండి.

పప్పు ఉడకడానికి ఎంత సేపు పట్టిందో! ఆ ఎత్తులో నీళ్ళు 86 డిగ్రీల దగ్గరే మరిగిపోతాయిట. బుడబుడలాడతాయి గానీ పప్పు మెత్తబడదు. కుక్కరు లేకపోతే గతిలేదు. ఆ ఇల్లాలు కుక్కరు మూత మీద చెయ్యి వేసి నాతో అంది కదా, పెళ్ళికి వెండి ఇవ్వకపోయినా ఇది ఇస్తారు అని.

మరుగుదొడ్డి గురించి అడగాలనుంది, అడగలేకపోతున్నారు. చెప్తాను. ఇంటికి ఆనుకుని పైన చిన్న గది, నేలలో కంత. నీళ్ళు వాడకూడదు. పక్కన పొడిమట్టి, బూడిద పోగు, పార ఉంటాయి. పని కాగానే రెండు పారలు పోయాలి. చలికాలం నీళ్ళ గొట్టాలు గడ్డకట్టే చోట ఫ్లష్ ఏం పనిచేస్తుంది? కిందిగదిలో అదంతా మాగి, వసంతంలో చేలకి ఎరువుగా పోతుంది. వాసన ఉండదా అంటే, మన బస్టాండు కంటే చాలా నయం. కొందరు యాత్రికులు పట్టుబట్టి ఫ్లష్ కావాలంటున్నారని, ఇళ్ళవాళ్ళు అప్పుచేసి కట్టిస్తున్నారని ఆ అబ్బాయి చెప్పాడు. మంచు కరిగి వచ్చే కాలవ నీళ్ళు చేలకే చాలనిచోట ఇదెక్కడి గొడవండీ? నాకు ఒళ్ళు మండింది. నాలుగు రాత్రులుండి పోయేవాడి అలవాటు కోసం ఊరు తన నీళ్ళు ఎందుకు పారబోసుకోవాలి?

ఇక ఆ పెద్దామె సంగతి. ఇల్లాలి అత్తగారు. ఎనభై దాటి ఉంటాయి. పొయ్యి పక్కన కూచుని చేతిలో ప్రార్థన చక్రం తిప్పుతూనే ఉంటుంది. ఎక్కడినుంచి వచ్చారని గైడుచేత అడిగించింది. ఆంధ్ర అన్నాం, తెలియలేదు. గుంటూరు అన్నాం, తెలియలేదు. హైదరాబాద్ అంటే ఏదో విన్నట్టు తలూపింది. మావారు "అమరావతి దగ్గర" అన్నారు చూడండి, చక్రం ఆగిపోయింది! ఆవిడ రెండు చేతులూ జోడించి, ఏదేదో గబగబా చెప్పేసింది. 2006 జనవరిలో మన అమరావతిలో దలైలామాగారు కాలచక్ర చేయలేదూ? మీరూ నేనూ బస్సెక్కి వెళ్ళాం, జనంలో మీ చెప్పు పోయింది కూడా. దానికి ఆవిడ వచ్చింది వదినగారూ, ఆ కొండమీద నుంచి! మంచులో కిందికి దిగి, బస్సులు మారి, రైళ్ళు మారి. బుద్ధుడు కాలచక్రం మొదట బోధించింది ధాన్యకటకంలోనే అని వాళ్ళ నమ్మకం. ధాన్యకటకమంటే మన ధరణికోట, అమరావతే, వాళ్ళకి అది అంత పవిత్రం. మనకేమో ఆదివారం పిల్లలతో పోయి స్తూపం దిబ్బ చూసి, మ్యూజియం చూసి, మిరపకాయ బజ్జీలు తిని వచ్చే చోటు.

ఆవిడేమో పరవశంగా చెప్తోంది, గైడు తెలుగు రాక హిందీలో చెప్తున్నాడు, నాకు కళ్ళలో నీళ్ళు తిరగబోతున్నాయి. అంతలో ఆవిడ ఇంకో మాట అంది. ఆ అబ్బాయి నవ్వు ఆపుకోలేక చెప్పలేకపోయాడు. ఏమిటంటే, "మీ ఊరు చాలా పవిత్రం, కానీ దోమలు మరీ ఎక్కువ" అందిట! జనవరిలో కూడా చెమట పట్టిందిట, డేరాలో నిద్రపోలేదట, ఎవరో పెట్టిన పచ్చడి నాలుక మీద వేసుకుని రోజంతా నీళ్ళు తాగిందట. నా సంచిలో గోంగూర పచ్చడి సీసా ఉంది. తీద్దామా వద్దా అని ఆలోచించి తీశాను. వేలితో రవ్వంత నాకి, తల అడ్డంగా ఊపి, కోడలికిచ్చేసింది. కోడలు మాత్రం తింగ్‌మోలో నంజుకుని తింది. ఆ సీసా అక్కడే వదిలేసి వచ్చాను.

వాళ్ళింటి పద్ధతి ఇంకోటి విన్నాక మీకు నిద్ర పట్టదు. పెద్దకొడుక్కి పెళ్ళయి ఇల్లు అప్పజెప్పాక, అమ్మా నాన్నా పెద్దింట్లోంచి చిన్నింటికి మారిపోతారు. పెద్దిల్లు ఖాంగ్‌చెన్, చిన్నిల్లు ఖాంగ్‌చుంగ్. వాళ్ళకంటూ కాస్త పొలం విడిగా ఉంటుంది. పొలం మొత్తం పంచుకోరు, పెద్దవాడిదే. తర్వాతివాడు పూర్వం మఠానికి పోయి లామా అయ్యేవాడు. ముక్కలు చేస్తే ఆ కాస్త చేను ఎవరికీ చాలదు కదా. ఇప్పుడు అందరూ మఠానికి పోవట్లేదు, చండీగఢ్‌లో చదువులు, టాక్సీలు, ఇలా గైడు పనులు. మా గైడు అబ్బాయీ రెండోవాడే. అయితే నవ్వకండి, అత్తాకోడళ్ళు ఒకే పొయ్యి దగ్గర కొట్టుకోకుండా వందల ఏళ్ళ కిందటే కనిపెట్టిన ఉపాయం అది. ఈ పెద్దామె చలిగా ఉందని ఆ వేళ పెద్దింటికి వచ్చి కూచుందంతే, పడుకోవడానికి తన ఇంటికే పోయింది. అక్కడి ఆడపిల్లలకి మాత్రం ఈ లెక్కలో వాటా కనపడలేదు నాకు. అది అడిగితే ఆ ఇల్లాలు పొయ్యిలో పిడక సర్దింది, సమాధానం చెప్పలేదు.

తర్వాత డేముల్ వెళ్ళాం. అక్కడ ఇంకో రకం. ఏ ఇంట్లో దిగాలో మన ఇష్టం కాదు, ఊరివాళ్ళు వంతులు వేసుకున్నారు. ఈసారి చుట్టాలొస్తే ఈ ఇల్లు, తర్వాత పక్క ఇల్లు. గదులు బాగున్న ఒకే ఒక్క ఇల్లు డబ్బు చేసుకుని, మిగతావాళ్ళు చూస్తూ కూచోకుండా. మాకొచ్చిన వంతులో గది చిన్నది, కిటికీ సరిగా మూయదు. పక్కింట్లో కొత్తగా అద్దాల గది ఉంది, కనపడుతోంది. మావారు "అందులోకి మారదామా, ఎక్కువిస్తాం" అని మెల్లగా అన్నారు. ఆ అబ్బాయి, వినయంగానే అనుకోండి, "అలా అడిగితే ఈ ఊళ్ళో నా మొహం చెల్లదు" అన్నాడు. నాకు ఆ పద్ధతి తెగ నచ్చింది. కాజాలో ఎకోస్ఫియర్ అనే సంస్థవాళ్ళు చాలా ఏళ్ళుగా ఈ ఊళ్ళ హోమ్‌స్టేలకి వెనక ఉండి నడిపించారు. హిమాచల్ ప్రభుత్వం కూడా 2008లోనే హోమ్‌స్టే పథకం పెట్టింది. ప్రభుత్వం కాగితమిస్తుంది గానీ, పక్కింటివాడికి కూడా నాలుగు డబ్బులు పోవాలనే బుద్ధి ఊరికే ఉండాలి. మన వీధిలో అలా వంతులు వేసుకోగలమా? కార్తీక మాసం వనభోజనాల చందాకే మూడిళ్ళవాళ్ళు మాట్లాడుకోవట్లేదు.

ఖర్చు చెప్పనే లేదు కదూ. ఇళ్ళల్లో రాత్రి భోజనం, పొద్దుటి టిఫినుతో మనిషికి పన్నెండు వందలు, పదిహేను వందలు, ఊరిని బట్టి తీసుకున్నారు. అది పెద్ద ఖర్చు కాదు. కారుకీ గైడుకీ అయింది అసలు ఖర్చు. ఇద్దరికే అంటే బరువే, ఇంకో జంట కలిస్తే సగానికి సగం తగ్గుతుంది. ఇళ్ళవాళ్ళకి డబ్బు గైడు తన చేతుల మీదుగా కాక మా చేత్తోనే ఇప్పించాడు, అదీ ఇల్లాలి చేతికి. ఆ మాట మీద నాకు అతని మీద గౌరవం పెరిగింది.

అన్నట్టు లాంగ్జాలో పిల్లలు రాళ్ళు పట్టుకుని వెంటపడ్డారు. చూస్తే చక్రాలున్న రాళ్ళు, అచ్చం మీ పూజగదిలో సాలగ్రామమే! నేను తెల్లబోయాను. అదంతా ఒకప్పుడు టెథిస్ అనే సముద్రమట. దాదాపు 15 కోట్ల ఏళ్ళ కిందటి గవ్వజీవులు రాయిగా మారినవే అవి. అక్కడి నల్లరాతి పొరకి శాస్త్రజ్ఞులు పెట్టిన పేరే స్పితి షేల్. అదే పొర నేపాల్ దాకా పోయింది, మన గండకీ నది సాలగ్రామాలు అందులోంచి వచ్చినవే. నాలుగు మైళ్ళ ఎత్తున... కాదు, నాలుగు కిలోమీటర్ల ఎత్తున సముద్రపు గవ్వ! మీకోసం ఒకటి తెద్దామనిపించింది, ఒట్టు. గైడు వద్దన్నాడు. వచ్చినవాళ్ళంతా ఒక్కోటి పట్టుకుపోతే ఆ కొండ మీద ఏం మిగలదు, పైగా పిల్లలు బడి ఎగ్గొట్టి రాళ్ళు ఏరుకుంటారు అన్నాడు. పిల్లలకి బిస్కెట్లు కూడా పంచొద్దన్నాడు. అది మాత్రం నాకు కష్టమైంది, పిల్లలు చెయ్యి చాస్తే ఎలా ఊరుకుంటాం? ఊరుకున్నాం.

మిగతావి గబగబా చెప్పేస్తా, మీకు పొయ్యి మీద పాలున్నట్టున్నాయి. హిక్కిమ్‌లో పోస్టాఫీసుంది, 4,400 మీటర్లలో, 1983 నుంచి. మీకు కార్డు రాశాను, అందిందా? రాలేదా? వస్తుందిలెండి, కొండ దిగాలి కదా. చిచమ్ దగ్గర పెద్ద లోయ మీద వంతెన వేశారు, 2017లో. అంతకు ముందు తాడుకి వేలాడే పెట్టెలో కూచుని, తాడు లాక్కుంటూ దాటేవారట, గర్భిణులు కూడా. ఆ మాట విన్నాక వంతెన మీద సెల్ఫీలు తీసుకోవాలనిపించలేదు. కిబ్బర్‌లో మంచు చిరుతలుంటాయి, చలికాలంలో కనపడతాయి. మాకు కనపడలేదు, మేకలు కనపడ్డాయి. అక్కడ రైతులు పశువులకి బీమా కడతారు, చిరుత తినేస్తే ఆ నిధిలోంచి డబ్బు వస్తుంది. అందువల్ల చిరుతని చంపాలన్న కోపం తగ్గిందట. చిరుతకి, రైతుకి మధ్య పాలసీ కాగితం!

అన్నీ బాగున్నాయని అబద్ధం చెప్పను. రాత్రుళ్ళు రెండు మూడుసార్లు ఊపిరాడనట్టు లేచి కూచున్నాను. కరెంటు ఉన్నట్టుండి పోయేది. స్నానం అంటే బకెట్టు వేడినీళ్ళు, అదీ రోజు మార్చి రోజు. ఇంకో గుంపు యాత్రికులు ఒకింట్లో పూజగదిలోకి చెప్పులతో వెళ్ళి ఫోటోలు తీసుకున్నారు, ఇంటాయన మొహం మాడిపోయింది, మాకు తల కొట్టేసినట్టయింది. చిన్న హోటల్లో అయితే డబ్బిచ్చాం, మా ఇష్టం అనొచ్చేమో. ఇల్లు అలా కాదు కదండీ. డబ్బు కట్టినా చుట్టాలమే. పడుకునేటప్పుడు కాళ్ళు ఎటు పెట్టాలో కూడా చూసుకోవాలి. అది బరువనిపించేవాళ్ళు కాజాలో హోటలు తీసుకోవడమే మేలు, వాళ్ళకీ ఊళ్ళవాళ్ళకీ కూడా. మన అరకులోనూ చూశాంగా, బస్సు ఆపి, గిరిజనుల చేత థింసా ఆడించుకుని, చేతిలో నోటు పెట్టి, పది నిమిషాల్లో బస్సెక్కేయడం. అలా తిరిగేకంటే ఇంట్లో టీవీలో చూడ్డం నయం అని ఇప్పుడు గట్టిగా అనిపిస్తోంది.

మీరూ అన్నయ్యగారూ వెళ్తానంటే నాకు సంతోషమే. జూలై, ఆగస్టుల్లో వద్దు, స్పితిలో వాన లేకపోయినా మేం వెళ్ళిన కిన్నౌర్ దారిలో కొండచరియలు పడతాయి. సెప్టెంబరు మంచిది, బార్లీ చేలు పండి కోతలు నడుస్తుంటాయి. సిమ్లా వైపు నుంచే వెళ్ళండి, ఎవరెన్ని చెప్పినా సరే. ములక్కాడలు మోసుకెళ్ళకండి, పచ్చడి సీసా ఒకటి చాలు. ఆ అబ్బాయి నంబరు అన్నయ్యగారి ఫోనుకి పంపిస్తాను. కానీ ముందు ఆయన్ని గుండె డాక్టరుకి చూపించి, ఆ ఎత్తుకి వెళ్ళొచ్చో లేదో, ఎత్తు పడనివాళ్ళు వేసుకునే మాత్ర ఆయనకి పడుతుందో లేదో అడిగాకే టిక్కెట్లు తీయండి.